మూరెడు ఫిల్ము ఒక సెకను

(సినిమా, టెలివిజన్ విద్యార్థుల సమావేశంలో ఒక ఎడిటర్ చేసిన ప్రసంగం. రికార్డింగ్ విని రాసిన పాఠం.)

అందరికీ నమస్కారం.

ఎడిటింగ్‌లో ఉపాధి అవకాశాల గురించి మాట్లాడమని నన్ను పిలిచారు. ఆ సంగతి తప్పకుండా చెబుతాను. కానీ ముందు మిమ్మల్ని ఒక గదిలోకి తీసుకెళ్లాలి. ఆ గది ఇప్పుడు లేదు. నేను నేర్చుకున్న పనంతా అక్కడిదే.

1986లో, డిగ్రీ అయిపోయిన నెలకు, తెనాలి నుంచి మద్రాసు రైలెక్కాను. మా మేనమామకు తెలిసిన ఒక ఎడిటర్‌గారు వడపళనిలో ఉండేవారు. మేడ మీద చిన్న గది. ఒక మూల మూవియోలా, కిటికీ పక్కన స్టీన్‌బెక్ బల్ల (రెండూ ఫిల్ము నడిపి చూస్తూ కోయడానికి వాడే యంత్రాలు), గోడ పొడవునా ఇనుప అరలు, వాటి నిండా రేకు డబ్బాలు. ఏసీ చలి. ఫిల్ముకీ, దాన్ని అతికించే సిమెంటుకీ కలిసి ఒక వాసన ఉండేది, అది చొక్కాకు పట్టి ఇంటిదాకా వచ్చేది. గురువుగారికి కుర్చీ, ఆయన అసోసియేట్‌కు స్టూలు. మూడోవాడినైన నాకు గోడ. దానికి ఆనుకొని నిలబడేవాణ్ని. అలా దాదాపు రెండేళ్లు నిలబడ్డాను.

మొదటి వారంలోనే ఆయన ఒక ఫిల్ము ముక్కను వేళ్ల మధ్య పట్టుకొని, "అబ్బాయీ, ఇది ఎంతసేపు?" అని అడిగారు. నాకు తెలియలేదు. ముక్కను మోచేతి దగ్గర పెట్టి మధ్యవేలి కొస దాకా చాచారు. "మూర. అంటే ఒక సెకను" అన్నారు.

లెక్క వేసుకోండి. ముప్పై అయిదు ఎం.ఎం. ఫిల్ములో అడుగుకు 16 ఫ్రేములు. సెకనుకు 24 ఫ్రేములు నడుస్తాయి. అంటే సెకనుకు అడుగున్నర, పద్ధెనిమిది అంగుళాలు. మన మూర కూడా అంతే. జానెడు అంటే తొమ్మిది అంగుళాలు, అర సెకను. బెత్తెడు అంటే మూడంగుళాలు, నాలుగు ఫ్రేములు. రెండు చేతులూ బార చాపితే ఆరడుగులు, నాలుగు సెకన్లు. మురుగన్ గుడి ముందు మల్లెపూలు అమ్మే అమ్మ ఎలా కొలిచేదో మా గురువుగారూ అలాగే కొలిచేవారు. "ఆ అమ్మాయి తల తిప్పాక బెత్తెడు ఉంచు", "ఈ నడక జానెడు ఎక్కువైంది" అనేవారు. ఆయనకు కాలం చేతుల్లో ఉండేది. అలా అంటే అలంకారం అనుకోకండి, నిజంగానే చేతుల్లో పట్టుకునేవారు.

అసిస్టెంట్ పని ఏమిటో చెబుతాను, మీలో చాలామంది చూసి ఉండరు. ల్యాబ్ నుంచి రష్ ప్రింటు, అంటే తీసిన షాట్లను ఎడిటింగ్ కోసం వేసిన ప్రింటు, వస్తుంది. కలర్ సినిమా అయినా ఖర్చు తగ్గుతుందని మా గదికి చాలాసార్లు నలుపు తెలుపు ప్రింటే వచ్చేది. క్లాప్ బోర్డు రెండు చెక్కలూ కలిసిన ఫ్రేము వెతికి గ్రీజు పెన్సిల్‌తో గీత పెట్టాలి. షూటింగులో ఆనవాలుగా రికార్డు చేసిన శబ్దం ఉండే పైలట్ ట్రాకులో 'టప్' అన్న చప్పుడు ఎక్కడుందో చూసి అక్కడా గీత పెట్టాలి. రెండూ జత చేయాలి. తర్వాత షాటు షాటూ విడదీసి, చుట్ట చుట్టి, రబ్బరు బ్యాండు వేసి, సీను నంబరు, షాటు నంబరు, టేకు నంబరు రాసిన చీటీ అంటించాలి. ఫిల్ము అంచు మీద ముద్రించి ఉన్న నంబర్లన్నీ పుస్తకంలోకి ఎక్కించాలి. ఎడిటర్ కోసి పక్కన పడేసిన ముక్కల్ని ట్రిమ్స్ అంటాం. వాటిని బిన్ అనే తొట్టి మీద కొక్కేలకు వేలాడదీయాలి. ఒక్కటి కూడా పోకూడదు. ఆ నంబర్ల ఆధారంగానే చివర్లో అసలు నెగెటివ్ కోస్తారు. తెల్లటి చేతి తొడుగులు వేసుకొని ఇంకో గదిలో చేసే పని అది. అక్కడ తప్పు కోస్తే మళ్లీ అతికించే దారి లేదు.

ఇదంతా గుమాస్తా పనిలా కనిపిస్తుంది. నేనూ అలాగే అనుకున్నాను. ఆ అభిప్రాయం ఎప్పుడు మారిందో చెబుతాను.

ఒక సినిమాలో తండ్రీకూతుళ్ల సీను. తనకు ఇష్టం లేని పెళ్లి చేసుకుందని తండ్రి మూడేళ్లు కూతురితో మాట్లాడడు. ఆ అమ్మాయి ఒకరోజు వచ్చి గేటు దగ్గర నిలబడుతుంది. ఆయన అరుగు మీద కూర్చొని ఉంటాడు. రాసిన సీనులో ఆయనకు నాలుగు మాటలున్నాయి. మంచి మాటలే, నటుడు బాగానే చెప్పారు. కానీ సీను నిలబడటం లేదు. గురువుగారు సాయంత్రం నాలుగింటికి మొదలుపెట్టి ఎన్నిసార్లు నడిపించారో నాకు లెక్క లేదు. మాట తీశారు, పెట్టారు. కూతురి క్లోజప్ పెంచారు, తగ్గించారు. దర్శకుడు వచ్చి చూసి, బాగానే ఉంది కదా అని వెళ్లిపోయారు.

రాత్రి ఎనిమిది దాటాక ఆయన వెనక్కి తిరగకుండానే, "అబ్బాయీ, తండ్రి క్లోజు టేకులన్నిటికీ క్లాపుకు ముందూ వెనకా ఉన్న ముక్కలు ఉన్నాయా?" అని అడిగారు. ఉన్నాయి. పుస్తకంలో రాసి పెట్టాను. మూడో టేకుకు క్లాప్ కొట్టిన తర్వాత, 'యాక్షన్' అనే లోపు, కొంచెం ఎక్కువ ఫిల్ము నడిచింది. కెమెరా తిరుగుతోంది, నటుడు ఇంకా మొదలుపెట్టలేదు. తన చేతుల్ని ఒకసారి చూసుకున్నారు. తర్వాత, క్లాప్ కుర్రాడు ఫ్రేములోంచి వెళ్లాడా లేదా అని గేటు వైపు తలెత్తి చూశారు. అంతే. మూడడుగుల ముక్క, రెండు సెకన్లు.

గురువుగారు దాన్ని కూతురి ముఖం తర్వాత పెట్టారు. నాలుగు మాటల్లో మొదటి మూడూ తీసేశారు. స్టీన్‌బెక్ నడిపించారు. ఆ అమ్మాయి గేటు దగ్గర నిలబడింది. తండ్రి తన చేతులు చూసుకున్నాడు. తలెత్తాడు. అప్పుడు ఒక్క మాట.

గదిలో ముగ్గురం ఉన్నాం, ఎవరం మాట్లాడలేదు. కాసేపటికి ఆయన, "ఆ చేతులు చూసుకున్నాడు చూడు. కొట్టిన చేతులో, ఎత్తుకున్న చేతులో, జనం వాళ్లకు తోచింది పెట్టుకుంటారు" అన్నారు.

ఆ సినిమాను తెనాలిలో మా అమ్మతో కలిసి చూశాను. ఆ చోటు వచ్చేసరికి అమ్మ నా ముంజేయి పట్టుకుంది. ఆ ముక్క డబ్బాలోంచి తీసిచ్చింది నేనేనని ఆమెకు చెప్పలేదు. ఎందుకు చెప్పలేదో ఇప్పటికీ నాకు తెలియదు.

వందేళ్ల కిందట రష్యాలో లెవ్ కులెషోవ్ అనే ఆయన ఒక ప్రయోగం చేశారని మీ పాఠాల్లో చెప్పే ఉంటారు. ఒక నటుడి ముఖం, భావం ఏమీ లేని ముఖం. దాని పక్కన సూపు గిన్నె పెడితే ఆకలిగా, శవపేటిక పెడితే దుఃఖంగా ప్రేక్షకులకు కనిపించింది. ముఖం మాత్రం అదే. నేను దాన్ని పుస్తకంలో చదివింది చాలా ఏళ్ల తర్వాత. చదవగానే వడపళని గది గుర్తొచ్చింది. అయితే పుస్తకం చెప్పనిది ఒకటి ఆ గది నాకు చెప్పింది. ఆ ముక్కను వెతకాలని ఆయనకు తోచింది ఎందుకంటే, రష్ చూసిన మొదటి రోజే ఆ రెండు సెకన్లు ఆయన కంటికి ఆనాయి. ఆయన వాటిని మర్చిపోలేదు. తీరా కావాల్సి వచ్చినప్పుడు అవి చెత్తబుట్టలో కాక కొక్కేనికి వేలాడుతున్నాయి. ఎడిటర్ చూపు ఒక సగం, అసిస్టెంట్ పుస్తకం ఇంకో సగం. ఏది లేకపోయినా ఆ సీను లేదు.

గోడ దగ్గర నిలబడితే ఇంకొకటి దొరికేది. ఆయన పని చేస్తూ తనలో తాను మాట్లాడుకునేవారు. "చూస్తున్నాడు... ఇంకా చూస్తున్నాడు... చాలు." ఆ 'చాలు' దగ్గర చెయ్యి ఆగేది. నేను వెనక నిలబడి నాలో నేను 'చాలు' అనుకునేవాణ్ని. మొదట్లో నాది ఆయన కంటే ముందు వచ్చేది, కుర్రతనం కదా. ఏడాది గడిచేసరికి రెండూ దగ్గరపడ్డాయి. ఒక రోజు ఒకే చోట పడ్డాయి. నాకు పని వచ్చిందని ఎవరూ సర్టిఫికెట్ ఇవ్వలేదు. నాకు తెలిసింది ఆ రోజే.

మన సినిమాల్లో ఈ విద్య ఇలాగే చేతులు మారింది. మాయాబజార్ 1957లో వచ్చింది. దానికి ఎడిటర్లు సి.పి. జంబులింగం, కల్యాణసుందరం. ఘటోత్కచుడి పేరు తెలిసినంతగా ఈ పేర్లు మనకు తెలియవు. దర్శకుడు కె.వి. రెడ్డి చిత్రీకరణకు ముందే రిహార్సల్స్ చేయించి, ఏ సన్నివేశం ఎంత నిడివి వస్తుందో లెక్క కట్టుకునేవారు. అంటే కోత చాలావరకు కాగితం మీదే జరిగిపోయేది. ఎడిటర్ చేతికి వచ్చేది కొండంత ఫిల్ము కాదు, కావాల్సినంత ఫిల్ము. ఆదుర్తి సుబ్బారావు దర్శకుడు కాకముందు ఎడిటింగే చేశారు. ఆయన సినిమాలు చూసినప్పుడు ఒక సీను ఎక్కడ ఆగుతుందో గమనించండి. ఆ ఆగడంలో ఎడిటింగ్ బల్ల కనిపిస్తుంది.

ఎ. శ్రీకర్ ప్రసాద్‌గారి గురించి చెప్పకుండా ఈ మాట ముగించలేను. ఆయన తండ్రి అక్కినేని సంజీవి ఎడిటర్, దర్శకుడు. ఎల్.వి. ప్రసాద్‌గారిది ఆ కుటుంబమే. శ్రీకర్ ప్రసాద్ చదివింది ఇంగ్లిష్ సాహిత్యం. పని నేర్చుకున్నది తండ్రి ఎడిటింగ్ గదిలో. తర్వాత తొమ్మిది జాతీయ పురస్కారాలు వచ్చాయి, హిందీకి, అస్సామీకి, మలయాళానికి, తమిళానికి. ఆర్ఆర్ఆర్ కూడా ఆయన ఎడిట్ చేసిందే. అన్ని భాషల్లో ఎలా చేయగలరని చాలామంది ఆశ్చర్యపోతారు. నాకు తోచింది చెబుతాను. మాట అర్థం కానప్పుడు ఎడిటర్ కళ్లను చూస్తాడు, ఊపిరి చూస్తాడు, మాటకు ముందు వచ్చే తటపటాయింపు చూస్తాడు. మనం సొంత భాషలో మాట వింటూ వాటిని చూడటం మానేస్తాం. నేను ఇప్పటికీ ప్రతి సీనునూ ఒకసారి శబ్దం పూర్తిగా తీసేసి చూస్తాను. శబ్దం లేకుండా తెలియని సీను శబ్దం పెట్టినా సగమే తెలుస్తుంది.

ఆడపిల్లలు ముందు వరసలో చాలామంది కూర్చున్నారు, సంతోషం. మీరు రేణు సలూజా పేరు రాసుకోండి. పుణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఆమె కోరుకున్నది దర్శకత్వం, సీటు దొరికింది ఎడిటింగ్‌లో. 1976లో బయటికి వచ్చారు. నాలుగు జాతీయ పురస్కారాలు అందుకున్నారు. 2000లో, యాభై ఏళ్లు కూడా నిండకుండానే పోయారు. ఆమె ఎడిట్ చేసిన పరిందాను ఒకసారి కథ కోసం చూడండి, రెండోసారి కోతల కోసమే చూడండి. నా రోజుల్లో మద్రాసు ఎడిటింగ్ గదుల్లో అమ్మాయిలు దాదాపు లేరు. ఎవరూ రావద్దని బోర్డు పెట్టలేదు. కానీ పని రాత్రి రెండింటికి అయిపోయేది, ఇంటికి చేర్చే ఏర్పాటు ఉండేది కాదు. బోర్డు పెట్టనక్కర్లేకుండానే తలుపు మూసుకుంది. ఈ రోజు ఎడిట్ సూట్లు నడిపేవాళ్లు ఎవరైనా ఈ సభలో ఉంటే నేను అడిగేది ఒకటే. రాత్రి పని ఉంటే కారు ముందు మాట్లాడండి, తర్వాత షిఫ్టు వేయండి.

ఇక టెలివిజన్.

హైదరాబాద్ దూరదర్శన్ 1977లో మొదలైంది. కానీ తెలుగులో టీవీ ఎడిటర్లకు పెద్దఎత్తున పని పుట్టింది 1995లో ప్రైవేటు ఛానళ్లు వచ్చాకే. సినిమా పరిశ్రమ హైదరాబాద్‌లో స్థిరపడింది, మద్రాసులో నా పని పలచబడింది. 1996లో ఒక ఛానల్‌లో చేరాను. గురువుగారికి నచ్చలేదు. "టేపును మూరతో ఎలా కొలుస్తావు?" అన్నారు. కోపంతో కాదు, నిజంగానే అడిగారు.

నిజమే, కొలవలేం. బీటాక్యామ్ క్యాసెట్లు. రెండు ప్లేయర్లు, ఒక రికార్డరు, మధ్యలో కంట్రోలరు. సెకనుకు 24 కాదు, 25 ఫ్రేములు. చేతికి ఏదీ తగలదు. తెర మీద గంటలు, నిమిషాలు, సెకన్లు, ఫ్రేములు అంకెల్లో పరుగెడుతుంటాయి. పైగా అది వరస తప్పని పని. మొదటి షాటు రికార్డు చేస్తాం, దాని వెనక రెండోది, దాని వెనక మూడోది. ఇరవై నిమిషాలు అయ్యాక, అయ్యో, నాలుగో నిమిషం దగ్గర ఒక షాటు ఇరికించాల్సిందే అనిపిస్తే, అక్కడి నుంచి చివరిదాకా మళ్లీ వేసుకోవాలి. లేదా తయారైన భాగాన్ని ఇంకో టేపులోకి కాపీ చేయాలి. కాపీ చేసిన ప్రతిసారీ బొమ్మ కొంచెం చెడుతుంది. అందుకని చెయ్యి కదిపే ముందే మొత్తం తలలో కూర్చుకోవడం అలవాటైంది. సినిమా గది నాకు చూడటం నేర్పితే, టేపు గది తేల్చుకోవడం నేర్పింది.

సీరియల్ ఎడిటర్లను చిన్నచూపు చూసే అలవాటు మన దగ్గర ఉంది. దాన్ని నేను ఒప్పుకోను. వారానికి అయిదు ఎపిసోడ్లు. సాయంత్రం ప్రసారం, మధ్యాహ్నం దాకా షూటింగు జరుగుతూనే ఉంటుంది. ఒక నటి రాలేదంటే ఆమె పాత రియాక్షన్ షాట్లతో సీను నిలబెట్టాలి. మెడలో గొలుసు మారితే దొరికిపోతాం. పిడుగు పడ్డ శబ్దంతో ఒకే ముఖాన్ని మూడుసార్లు చూపించడం నాకూ ఇష్టం లేదు, చాలాసార్లు వాదించాను, చాలాసార్లు ఓడిపోయాను. కానీ ఏడాదిలో రెండువందల యాభై ఎపిసోడ్లు కోసిన పిల్లవాడికి సినిమా అసిస్టెంట్‌కు పదేళ్లలో కూడా దొరకనంత సాధన దొరుకుతుంది. మీలో ఎవరికైనా సీరియల్‌లో పని వస్తే మొహమాటపడకుండా వెళ్లండి. ప్రతి ఎపిసోడ్‌లో ఒక్క కోత అయినా మీకు నచ్చినట్టు చేసి రండి.

వార్తలు వేరు. అక్కడ చేతికి వచ్చే ముఖాలు నటుల ముఖాలు కావు.

ఒక రాత్రి బస్సు ప్రమాదం టేపు వచ్చింది. బులెటిన్‌కు ఇరవై నిమిషాలే ఉంది. ఆసుపత్రి వరండాలో ఒక తల్లి. కెమెరామన్ ఆమె ముఖం మీదికి జూమ్ చేసి చాలాసేపు ఉంచాడు. అతని తప్పు అనను, అతనూ పరుగులో ఉన్నాడు. అదే టేపులో అంతకుముందు వరండా మొత్తం కనిపించే షాటు ఒకటి ఉంది. ఆమె అటు తిరిగి నిలబడి ఉంటుంది. ఒక కాలికే చెప్పు ఉంది. నేను ఆ షాటు వేశాను, ఆరు సెకన్లు. ముఖం వేయలేదు.

డెస్క్ బాధ్యుడు కోప్పడ్డారు. ఇంకో ఛానల్‌లో ముఖం వచ్చిందట, మనం వెనకబడ్డామట. ఆయనతో నేను చెప్పింది ఇదే. ఆ తల్లి ఏడ్చినప్పుడు మనం అక్కడ ఉన్నామని ఆమెకు తెలియదు. ఆమెను అడగకుండా రాష్ట్రమంతటికీ ఆ ముఖం చూపించే హక్కు నాకు లేదు. ఆ ఒక్క చెప్పు చూసినవాళ్లకు అర్థం కానిది ఆ ముఖంలో ఏముంది? ఆ వాదన తెగలేదు. ఆ నెల నన్ను వార్తల నుంచి తీసి వేరే విభాగంలో వేశారు. మళ్లీ అలాంటి టేపు వస్తే మళ్లీ అదే షాటు వేస్తాను. వార్తల్లోకి వెళ్లేవాళ్లు ఈ విషయం మీద ముందే ఒక నిర్ణయానికి రండి. బులెటిన్‌కు ఇరవై నిమిషాలు ఉన్నప్పుడు కొత్తగా ఆలోచించే తీరిక ఉండదు.

ఈలోగా కంప్యూటర్ వచ్చింది. అవిడ్ అనే కంప్యూటర్ ఎడిటింగ్ వ్యవస్థ 1989లోనే బయటికి వచ్చింది. 1997లో, కంప్యూటర్ మీద ఎడిట్ చేసిన సినిమాకు మొదటిసారి ఎడిటింగ్ ఆస్కార్ వచ్చింది, వాల్టర్ మర్చ్‌కు. మన దగ్గర తొంభైల చివరికి పెద్ద సినిమాలు ఒక్కొక్కటీ అటు మళ్లాయి. 2003లో నేను సినిమాలకు తిరిగి వచ్చేసరికి స్టీన్‌బెక్‌ల మీద గుడ్డలు కప్పి ఉన్నాయి.

పాత రోజులే బాగుండేవని చెప్పడానికి నేను రాలేదు. తొమ్మిది ఫ్రేముల ట్రిమ్ ఒకటి పోతే రాత్రి రెండింటిదాకా నేల మీద పాకుతూ వెతికినవాణ్ని నేను. అది చివరికి నా ప్యాంటు మడతలో దొరికింది. ఆ బాధ మీకెవ్వరికీ వద్దు. ఒక కోత మార్చి చూసి, నచ్చకపోతే క్షణంలో వెనక్కి వెళ్లగలగడం పెద్ద వరం. 2019 సినిమాలకు ఇచ్చిన జాతీయ పురస్కారాల్లో జెర్సీ సినిమాకు నవీన్ నూలి ఎడిటింగ్ పురస్కారం అందుకుంటే నాకు ఇంట్లో పండుగలా అనిపించింది. కంప్యూటర్ మీద పెరిగిన తరం అద్భుతంగా పని చేస్తోంది.

నా బాధ వేరే. ఫిల్ము పోయింది, ఫరవాలేదు. ఫిల్ముతో పాటు ఆ గోడ పోయింది.

ఇప్పుడు జరుగుతున్నది చూడండి. షూటింగులో రెండు మూడు కెమెరాలు, రోజుకు గంటలకొద్దీ ఫుటేజ్. అది రాత్రి హార్డ్ డిస్కులో వస్తుంది. అసిస్టెంట్లు రాత్రంతా కూర్చొని కాపీలు చేసి, చిన్న ఫైళ్లుగా మార్చి, శబ్దం జత చేసి, బిన్లలో సర్దుతారు. ఇప్పటికీ వాటిని బిన్లు అనే అంటారు, కొక్కేలు మాత్రం లేవు. తెల్లారి ఇంటికి వెళ్లి పడుకుంటారు. పది గంటలకు ఎడిటర్ వస్తాడు. హెడ్‌ఫోన్ పెట్టుకొని ఒక్కడే పని చేసుకుంటాడు. సాయంత్రం వెళ్లిపోతాడు. అసిస్టెంట్ వస్తాడు. ఒకే సినిమాకు ఆరు నెలలు పని చేసి, ఎడిటర్ ఒక కోత ఎందుకు మార్చాడో ఒక్కసారి కూడా చెవిన పడని పిల్లలు నాకు తెలుసు. వాళ్లకు సాఫ్ట్‌వేర్ నాకంటే పదింతలు బాగా వచ్చు. ఏ మీట నొక్కితే కోత పడుతుందో తెలుసు. ఎక్కడ కోయాలో నేర్పే 'చాలు' అన్న మాట వాళ్లకు వినపడలేదు.

దీనికి పరిహారం నేను సొంతంగా ఒకటి పెట్టుకున్నాను. నా గదిలో రోజూ సాయంత్రం గంటన్నర హెడ్‌ఫోన్ తీసేస్తాను. స్పీకర్లు పెడతాను. అసిస్టెంట్లు ఇద్దరూ వెనక కూర్చుంటారు. నేను మా గురువుగారిలా పైకి మాట్లాడుతూ పని చేస్తాను. మొదట్లో సిగ్గుగా ఉండేది, ఇప్పుడు లేదు. వారానికి ఒక సీను వాళ్లకే ఇస్తాను, నా కోత చూపించకుండా. తర్వాత రెండూ పక్కపక్కన పెట్టి చూస్తాం. కిందటేడాది ఒక అమ్మాయి చేసిన సీను నాదానికంటే బాగుంది. అదే సినిమాలోకి వెళ్లింది. టైటిల్స్‌లో ఆమె పేరు వేరే కార్డుగా వేయమని నిర్మాతను అడిగాను, వేశారు.

అడిగితే వేశారని ఎందుకు చెబుతున్నానంటే, అడగకపోతే వేయరు. ఉపాధి గురించి చెబుతానన్నాను కదా, ఇక్కడి నుంచి అదే.

పని దొరకడం ఇప్పుడు కష్టం కాదు. సినిమాలు, ఓటీటీ సిరీస్‌లు, సీరియళ్లు, వార్తలు, ప్రకటనలు, పెళ్లి వీడియోలు, యూట్యూబ్, అన్నిచోట్లా ఎడిటర్ కావాలి. పెళ్లి వీడియోను తక్కువ చేయకండి. ఆరు గంటల ఫుటేజీలోంచి పది నిమిషాలు తీసి, పెళ్లికూతురి నాన్నమ్మ మళ్లీ మళ్లీ చూసేలా చేయడం సులువైన పని కాదు. పని దొరికాక డబ్బు దొరకడమే కష్టం. నేనే రెండు సినిమాలకు పూర్తి పారితోషికం అందుకోలేదు. అందులో ఒకటి విడుదలై బాగా ఆడింది కూడా. కాగితం మీద ఏమీ లేదు, మాట మీద చేశాను. మీరు అలా చేయకండి. ఎన్ని రోజులు, ఎంత డబ్బు, ఏ దశలో ఎంత, ఎన్ని మార్పులు, పేరు ఎలా వేస్తారు, ఈ అయిదూ రాయించుకోండి. ఒక మెయిల్ అయినా చాలు. అసిస్టెంట్‌గా చేరితే జీతంతో పాటు ఒక ప్రశ్న అడగండి. "ఎడిటర్‌గారు కోస్తున్నప్పుడు నేను ఆ గదిలో ఉండవచ్చా?" ఉండవచ్చు అన్నచోట రెండు వేలు తక్కువైనా చేరండి. కుదరదు అన్నచోట ఎక్కువ ఇచ్చినా ఆరు నెలలకు మించి ఉండకండి.

వీపు సంగతి చూసుకోండి, కళ్ల సంగతి చూసుకోండి. మా తరంలో నడుము నొప్పి లేని ఎడిటర్ నాకు ఎదురుపడలేదు. రాత్రి ఒంటిగంటకు అద్భుతంగా కనిపించిన కోత పొద్దున్నే మళ్లీ చూడందే ఎవరికీ పంపకండి.

ఇందాక వెనక వరసలోంచి ఒకబ్బాయి అడిగాడు, తనకు సినిమా వాళ్లెవరూ తెలియదు, ఎలా మొదలుపెట్టాలి అని. బాబూ, నాకూ మా మేనమామకు తెలిసిన ఒక్క మనిషి తప్ప ఎవరూ తెలియదు. ఆ ఒక్క మనిషి నీకు లేకపోవడం నీ తప్పు కాదు. అందుకే ఒక ఏర్పాటు చేసుకొని వచ్చాను. బయట బల్ల మీద ఒక నోటు పుస్తకం పెట్టించాను. పేరు, ఫోను నంబరు రాయండి. వచ్చే సోమవారం నుంచి ఒక సినిమా మొదలుపెడుతున్నాను. నా గదిలో అసిస్టెంట్లు కాక ఇంకో ఇద్దరికి చోటుంది. వారానికి ఇద్దరు చొప్పున వరసగా పిలుస్తాను. సాయంత్రం అయిదున్నర నుంచి ఏడింటిదాకా. ఫోన్లు బయట పెట్టాలి, చూసిన సీను గురించి ఎక్కడా మాట్లాడకూడదు. ఆ రెండే షరతులు. మొదటి వారం అమ్మాయిలు ఎవరైనా వస్తే, ఏడింటికి ఇంటికి చేర్చే కారు నేను మాట్లాడి ఉంచుతాను.

కుర్చీలు రెండే ఉన్నాయి. మూడో మనిషి వస్తే గోడ ఉంది.